తాళంకప్ప టోపీ ఎత్తిన బొమ్మ

తాళంకప్ప మీద నాకు జాలి ఉండేదని ఎవరైనా అనుకుంటే ముందే చెప్పేస్తున్నాను, ఉండేది కాదు. హాల్‌స్టెడ్ నేతమిల్లు గేటు కాపలాదారు అతను. పొద్దున్నే ఆరింటికి మిల్లు కూత ఆగీ ఆగకముందే గేటు మూసేసేవాడు. అర నిమిషం ఆలస్యమైనా సరే, ఎనిమిదింటి దాకా వీధిలో నిలబడాల్సిందే. మా బ్రాక్‌డెన్‌లో వీధిలో నిలబడటమంటే వానలో నిలబడటమే. ఒకసారి నా కాలు గేటు సందులో ఉండగానే మూయబోయాడు.

"కాలు లోపలే ఉంది కదయ్యా!" అని మొత్తుకున్నాను.

"కాలు టైముకే వచ్చిందని రాసుకుంటాలే. మిగతా మనిషిని ఎనిమిదింటికి తీసుకురా" అన్నాడు.

తాళంకప్ప అనే పేరు ఎవరు పెట్టారో నాకు తెలియదు. పన్నెండేళ్ళ పిల్లగా మిల్లులో చేరిన రోజే పెద్దవాళ్ళ నోట విన్నాను, నేనూ అదే అనడం నేర్చుకున్నాను. అతను మాత్రం మమ్మల్ని ఇంటిపేర్లతో సహా పిలిచేవాడు. మూడు వందల అరవై మంది పేర్లూ అతనికి నోటికొచ్చు. వానలో తడుస్తూ నిలబడ్డ మనిషిని గేటు ఊచల వెనకనుంచి "తిర్జా హార్‌గ్రీవ్స్, ఈ నెలలో ఇది మూడోసారి" అని నిండు పేరుతో పలకరిస్తే ఎంత ఒళ్ళు మండుతుందో పడ్డవాళ్ళకే తెలుసు.

అతను ఒకప్పుడు దూది ఏకే గదిలో పనిచేసేవాడట. యంత్రంలో పడి ఎడమ చేతి వేళ్ళు రెండు పోతే, పెద్ద హాల్‌స్టెడ్ దొర దయతలచి గేటు దగ్గర పెట్టాడు. గేటుతోపాటు గేటు పక్కనున్న రెండు గదుల ఇల్లూ ఇచ్చాడు. ఆ ఇంటికి ఒక భాగ్యం ఉంది. దాని వెనక గోడ బాయిలరు గదికి ఆనుకుని ఉంటుంది. ఊరంతా తడిసి ముద్దవుతున్నా ఆ గోడ మాత్రం వెచ్చగా ఉంటుంది. తాళంకప్ప భార్య కెజియా ముప్ఫై ఏళ్ళు నాలుగు మగ్గాల మధ్య నిలబడి మోకాళ్ళు పోగొట్టుకున్న మనిషి. చలికాలమంతా ఆ గోడకు వీపు ఆన్చి, కాళ్ళు చాపుకుని కూర్చునేది. ఆ గోడే లేకపోతే చెల్లెలి ఇంటి కింద నీరు ఊరే నేలమాళిగకి పోవాలి. "అక్కడికి పోయానంటే మళ్ళీ పైకి తీసుకొచ్చేది శవప్పెట్టెలోనే" అని తనే నవ్వుతూ చెప్పేది.

ఇక టోపీ సంగతి. తాళంకప్పకి వచ్చిన విద్య ఒక్కటే, టోపీ తీయడం. అందులో మాత్రం మహా పండితుడు. గుమాస్తా వస్తే టోపీ అంచుకి వేలు తగిలించేవాడు. మానేజర్ బ్రియర్లీ వస్తే రెండు అంగుళాలు ఎత్తేవాడు. పాదిరిగారికి నాలుగు. హాల్‌స్టెడ్ దొరగారి బగ్గీ వస్తే టోపీ పూర్తిగా తీసి, గుండెకి ఆనించుకుని, బట్టతల మీద వాన పడుతున్నా బగ్గీ మలుపు తిరిగేదాకా అలాగే ఉండేవాడు. పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి, ముప్ఫై ఒక్క ఏళ్ళు. పెద్ద దొర పోయి కొడుకు వచ్చినా టోపీలో తేడా రాలేదు. మాకా? మాకు వేలు కూడా తగిలించేవాడు కాదు. మేమూ అతనికి ఎత్తింది లేదనుకోండి.

ముసలి రాణిగారు పోయిన ఏడాది, ఆగస్టు తిరునాళ్ళకి మా ఊరికి తెర మీద కదిలే బొమ్మలు చూపించే డేరా వచ్చింది. దాని సొంతదారు కెప్టెన్ టింగిల్. ఏ ఓడకి కెప్టెనో ఎవరూ అడగలేదు. అడిగినా, సముద్రం చూసిన మొహం కాదది. ఆయన వ్యాపార రహస్యం చాలా చిన్నది. మనిషికి రాజుల బొమ్మలూ, యుద్ధాల బొమ్మలూ చూపిస్తే ఒకసారి చూస్తాడు. తన బొమ్మ తనకే చూపిస్తే తిరునాళ్ళు అయ్యేదాకా రోజూ చూస్తాడు. అందుకని ఏ ఊరు వెళ్ళినా ముందు మిల్లు గేటు ఎదురుగా బొమ్మలు తీసే మూడు కాళ్ళ పెట్టె నిలబెట్టి, పిడి తిప్పించి, పని వదిలి బయటికొచ్చే జనాన్ని పట్టేవాడు. మర్నాడు డేరా ముందు పలక కట్టేవాడు: "రండి, మిమ్మల్ని మీరే చూసుకోండి!"

అందులో ఒక చిక్కుంది. మా మగవాళ్ళందరికీ బల్లపరుపు టోపీలు. టోపీ అంచు నీడ ముక్కు దాకా పడుతుంది. ముఖం కనబడని మనిషి తన బొమ్మ కోసం టికెట్టు కొనడు కదా. దానికి కెప్టెన్ ఒక ఉపాయం కనిపెట్టాడు. పెట్టె పక్కన నిలబడి, వచ్చేవాడి కళ్ళలోకి చూసి, తన పొడుగు టోపీ తనే ముందు ఎత్తేవాడు. అవతలివాడు టోపీ ఎత్తితే తిరిగి ఎత్తకపోవడం మా వైపు తల్లిని తిట్టినంత తప్పు. వీడూ ఎత్తుతాడు, ముఖం మీద వెలుతురు పడుతుంది, టికెట్టు అమ్ముడవుతుంది.

తిరునాళ్ళ సెలవలకి మిల్లు మూసే శుక్రవారం మధ్యాహ్నం. కూత కూసింది. మేం బయటికొచ్చేసరికి ఎదురుగా పెట్టె. ఆ పెట్టెను చూడగానే మూడు వందల అరవై మందికీ మతి పోయింది. ఇంటికి పోవాల్సినవాళ్ళు ఇంటిదారి మర్చిపోయి, పెట్టె ముందు నడిచి, మూల తిరిగి, వెనక సందులోంచి వచ్చి, మళ్ళీ నడిచారు. నేను నాలుగుసార్లు నడిచాను. నాలుగోసారి శాలువా తీసి మరీ నడిచాను. పరువుగల ఆడది చేసే పనేనా అని ఇప్పుడు అడక్కండి.

సరిగ్గా ఆ గోలలోనే దొరగారి బగ్గీ బయటికి వచ్చింది. తాళంకప్ప గేటు పక్కన కర్రలా నిలబడి, చెయ్యి టోపీ మీద వేశాడు. అప్పుడే కెప్టెన్ టింగిల్ చూపు అతని మీద పడింది. పొడుగు టోపీ తీసి, నడుం వంచి, "మంచి రోజు, అయ్యా!" అన్నాడు. తాళంకప్ప అటు తిరిగిపోయాడు. టోపీ తీశాడు, గుండెకి ఆనించుకున్నాడు, వంగాడు. అతని వీపు వెనకనుంచి హాల్‌స్టెడ్ దొరగారి బగ్గీ ఊరి సంత గాడిదబండిలా వెళ్ళిపోయింది.

మర్నాడు డేరా కిటకిటలాడింది. ఇక్కడ ఒక మాట చెప్పాలి. ఆ బొమ్మలు మూగవని ఊళ్ళన్నీ తిరిగిన కెప్టెన్ అనుకుంటున్నాడు. మూగవే. కానీ మేం నేతగాళ్ళం. ఏడు వందల మగ్గాలు ఒక్కసారి మోగే గదిలో పక్కనున్న మనిషి చెవిలో అరిచినా వినబడదు. అందుకని మేం నోటితో మాట్లాడుకోం, పెదవులతో మాట్లాడుకుంటాం. గది ఈ చివరనుంచి ఆ చివర ఉన్న మనిషితో వదినగారి కాన్పు సంగతంతా చెప్పేయగలం. తెర మీద పెదవి కదిలితే చాలు, మాకు మాట వచ్చేసినట్టే.

తెర మీద నెడ్ రాట్‌క్లిఫ్ పక్కవాడితో నవ్వుతూ ఏదో అంటూ నడిచాడు. డేరాలో నాలుగో వరసలోనుంచి వాడి అత్తగారు లేచింది.

"నేను చేసిన కూర చెప్పు అట్టలా ఉంటుందా? ఒరే నెడ్డూ! ఎక్కడున్నావురా?"

"అత్తా, అది నిన్నటి మాట..."

"పెదవులు నిన్నటివైనా కూర రోజూ నాదే కదరా!"

వాడికి పడ్డ దెబ్బ చప్పుడు మాత్రం మూగది కాదు. అలా ఒకటి తర్వాత ఒకటి, ఊరి గుట్లన్నీ తెర మీద పెదవులు కదిపి పోతుంటే మేం పొట్టలు పట్టుకుని నవ్వాం. అప్పుడే తాళంకప్ప వచ్చాడు. వెనకనుంచి బగ్గీ వస్తోంది. అతను ఇటు తిరిగి మా వైపు వంగాడు.

"ఒరేయ్, తాళంకప్ప దొరకి వీపు చూపించాడురోయ్!" అని ఎవరో అరిచారు. ఊరంతా అదే మాట. కెప్టెన్ ఆ ముక్కను రెండేసిసార్లు తిప్పి చూపించడం మొదలెట్టాడు.

మాట దొరగారి చెవిన పడింది. ఆదివారం ఆట ఉండదు గనక, సోమవారం మధ్యాహ్నం ఆయనే స్వయంగా వచ్చి ముందు కుర్చీలో కూర్చుని చూశారు. తన మిల్లు, తన గేటు, తన జనం. ఒక్క తలైనా తన వైపు తిరిగి లేదు. అందరి కళ్ళూ ఒక చెక్కపెట్టె మీద. జీతం ఇచ్చేది ఆ పెట్టె అన్నట్టు. అందరి మీదా కోపగించుకోవడం కష్టం, సెలవలయ్యాక మగ్గాలు ఎవరు తిప్పుతారు? ఒక్కడి మీద తేలిక.

మానేజర్ బ్రియర్లీ తాళంకప్పని పిలిపించాడు. ఆఫీసు గది కిటికీ కింద నేనూ, మరో ఆరుగురూ పనేమీ లేకుండా నిలబడి ఉన్నాం.

"దొరగారికి వీపు చూపించావటయ్యా?"

"చూపించాలని కాదండి. ఆయన ముందు ఎత్తాడండి."

"ఎవరు?"

"ఆ బొమ్మలాయన. నాకు ముందు టోపీ ఎత్తాడు. ఎత్తితే తిరిగి ఎత్తొద్దా అండి?"

"సంతలో గారడీవాడు ఎత్తితే దొరగారిని వదిలేస్తావా?"

తాళంకప్ప, "నాకు ఎవరైనా ముందు ఎత్తడం అదే మొదలండి. ఎలా చేయాలో తెలీలేదు" అన్నాడు.

నా పక్కనున్నవాళ్ళు నోరు మూసుకుని నవ్వారు. నేనూ నవ్వాను.

బ్రియర్లీ తీర్పు చెప్పాడు. దొరగారు ఆ బొమ్మను కొనేసి తగలబెట్టించబోతున్నారు. దాని బదులు, తన ఖర్చుతో మరో బొమ్మ తీయిస్తారు. శనివారం ఊరి పెద్దలందరినీ పిలిచి చూపిస్తారు. అందులో గేటు దగ్గర మర్యాద ఉండాల్సినట్టు ఉంటే గేటువాడు ఉంటాడు. లేకపోతే ఆదివారం సాయంత్రానికి ఇల్లు ఖాళీ. అడుసు తొక్కనేల, కాలు కడగనేల? ఆ మాట దొరలకి చెప్పేవాళ్ళెవరు?

ఆ రాత్రంతా ఎలా గడిపారో గానీ, మర్నాడు నేను వెళ్ళేసరికి కెజియా ఆ గోడకే ఆనుకుని, చీపురు ఈ చివరనుంచి ఆ చివరకి ఈడుస్తోంది. చీపురే బగ్గీ. తాళంకప్ప గది మధ్యలో నిలబడి దానికి టోపీ తీస్తున్నాడు.

"తొందరెందుకయ్యా? బగ్గీ ఇంకా బల్ల దగ్గరే ఉంది."

"చీపురు తొందరగా లాగావు."

"దొరగారి గుర్రం నీ కోసం ఆగుతుందా? మళ్ళీ. ఈసారి ఎవడు టోపీ ఎత్తినా, స్వర్గంనుంచి పేతురు దిగొచ్చి ఎత్తినా తిరక్కు. వింటున్నావా? నా మోకాళ్ళ మీద ఒట్టు."

అతను తల ఊపాడు. ముఖం పాలిపోయి ఉంది. కెజియా నా వైపు చూసి, అతనికి కనబడకుండా పెదవులు మాత్రమే కదిపింది: "భయంగా ఉందే, తిర్జా." నాకు అప్పుడు మొదటిసారి కొంచెం మనసు చివుక్కుమంది. కొంచెమే.

గురువారం రెండో బొమ్మ తీశారు. తమాషా ఏమిటంటే మిల్లు సెలవల్లో ఉంది. లోపలికి వెళ్ళినవాళ్ళుంటే కదా బయటికొచ్చేది! సగం మంది సముద్రపు ఒడ్డుకి పోయారు. అందుకని బ్రియర్లీ ఊళ్ళో దొరికినవాళ్ళందరినీ పట్టుకొచ్చాడు. వేరే మిల్లు వాళ్ళు, ఇద్దరు కసాయివాళ్ళు, బఠాణీల బండివాడు, అందరూ గేటులోపలికి వెళ్ళారు, కూత కూయగానే పొద్దుటినుంచీ చాకిరీ చేసి అలిసిపోయినట్టు బయటికొచ్చారు. పెట్టె వైపు ఎవరు చూసినా మిల్లులో మళ్ళీ అడుగు పెట్టనివ్వనని బ్రియర్లీ చెప్పాడు. మిల్లుతో సంబంధమే లేని బఠాణీలవాడు అందరికంటే ఎక్కువ భయపడ్డాడు.

తాళంకప్ప మళ్ళీ పెట్టె వైపు తిరుగుతాడేమోనని అతన్ని గేటు దగ్గర పెట్టలేదు. వీధికి ఇవతల, పెట్టెకి ముందుగా, వీపు పెట్టెకి ఉండేలా నిలబెట్టారు. బగ్గీ అతని మీదికే వచ్చి మలుపు తిరగాలి. కెప్టెన్ టింగిల్ మళ్ళీ పెట్టె పక్కనే. గుర్రాలు వచ్చాయి. తాళంకప్ప టోపీ తీసి గుండెకి ఆనించాడు. వెనక కెప్టెన్ అలవాటు కొద్దీ తన టోపీ ఎత్తాడు. తాళంకప్ప తిరగలేదు, ఒట్టు అలాంటిది. కానీ బగ్గీలో హాల్‌స్టెడ్ దొరగారు ఆ టోపీని చూశారు. ఎంత దొరైనా మా ఊరివాడే కదా, చెయ్యి దానంతటదే లేచింది. నవ్వుతూ తన నల్ల టోపీ ఎత్తి, పక్కన కూర్చున్న బ్రియర్లీతో ఏదో అంటూ వెళ్ళిపోయారు. మేమంతా గేటు దగ్గర వెనకే ఉన్నాం, ఏమన్నారో మాకు కనబడలేదు.

శనివారం సాయంత్రం డేరా నిండింది. ముందు కుర్చీల్లో దొరగారు, ఆయన భార్య, డాక్టరు, పాదిరి, ఇద్దరు మిల్లు యజమానులు. వెనక బల్లల మీద మేం. మొదటి బల్ల మీద తాళంకప్ప, ఆదివారం కోటు వేసుకుని. అతనికి అటు కెజియా, ఇటు నేను. కెజియాని ఇద్దరు మగవాళ్ళు కుర్చీతో సహా మోసుకొచ్చారు. ఆవిడ చేతులు ఒళ్ళో పెట్టుకుని, వేళ్ళు తెల్లబడేదాకా బిగించి కూర్చుంది.

తెర వెలిగింది. గేటు, జనం, ఒకేసారి లేచిన టోపీలు. తర్వాత బగ్గీ పెద్దదై, పెద్దదై, మా మీదికే వచ్చింది. ముందు భాగంలో తాళంకప్ప వీపూ, బట్టతలా. కెప్టెన్ ఆ బొమ్మలో లేడు, పెట్టె పక్కన ఉన్నాడు కదా. అందుకని చూసేవాళ్ళకి హాల్‌స్టెడ్ దొరగారు సాక్షాత్తూ తాళంకప్పకే టోపీ ఎత్తినట్టుంది. కుర్చీలవాళ్ళు "ఆహా" అన్నారు. దొరగారి నవ్వు తెర నిండా ఉంది. పెదవులు కదిలాయి.

"ఇందులో ఆ గేటువాడెవడు?"

పక్కన బ్రియర్లీ పెదవులు: "ఎదురుగా ఉన్నవాడేనండి."

దొరగారి పెదవులు, నవ్వు చెదరకుండా: "వీడా? వీణ్ణి నేనెప్పుడూ చూడలేదే."

వెనక బల్లల మీద రెండు వందల మంది నేతగాళ్ళం. రెండు వందల మందిమీ చదివాం. నెడ్ అత్తగారు కూడా నోరెత్తలేదు. ముందు కుర్చీల్లో చప్పట్లు మోగుతున్నాయి. ముప్ఫై ఒక్క ఏళ్ళు, రోజుకి రెండుసార్లు, వానలో బట్టతల!

దొరగారు లేచి, భార్యకి చెయ్యి అందించి, చాలా తృప్తిగా బయటికి నడిచారు. బ్రియర్లీ మా బల్ల దగ్గర ఒక్క క్షణం ఆగి, తాళంకప్ప ముఖంలోకి చూడకుండా, "నువ్వు ఉండొచ్చు. ఇల్లు నీదే" అన్నాడు.

తాళంకప్ప నా వైపు తిరిగాడు. ఆ ముఖం నేనెప్పుడూ చూడలేదు. ఇరవై రెండేళ్ళు గేటు ఊచల వెనక చూసిన మనిషేనా ఇతను అనిపించింది.

"చూశావా తిర్జా హార్‌గ్రీవ్స్? నాకు టోపీ ఎత్తారు. నాకు."

"చూశాను."

"ఏదో అన్నారు కూడా. పెదవులు కదిలాయి. నాకు ఆ విద్య రాదు. కెజియానడిగితే కళ్ళలో నీళ్ళొచ్చి సరిగా కనబడలేదంటోంది. నువ్వు చెప్పమ్మా. ఏమన్నారు?"

ఎన్నేళ్ళుగా ఎదురుచూశానో ఇలాంటి అవకాశం కోసం. నిజం నాలుక చివరనే ఉంది. ఒక్క మాట చాలు, తడిసిన నా ఉదయాలన్నిటికీ బదులు తీరిపోతుంది.

"నిన్నే పలకరించారు" అన్నాను.

"పేరు పెట్టా?"

"పేరు పెట్టే."

"నిజంగా? ఏమని పిలిచారు?"

నోరు తెరిచాను. ఏమని చెప్పను? తాళంకప్ప అనా? ఈ మనిషికి నా పేరు తెలుసు, మా అమ్మ పేరు తెలుసు, చనిపోయిన మా అన్న పేరు తెలుసు. ఇరవై రెండేళ్ళుగా ఆ గేటులోంచి నడుస్తున్న నాకు అతని పేరు తెలియదు. సిగ్గుతో నా చెవులు కాలిపోయాయి. అతను ఇంకా నా ముఖంలోకే చూస్తున్నాడు.

అతని భుజం మీదుగా కెజియా కనబడింది. ఆవిడ కళ్ళు బాగానే ఉన్నాయి, అన్నీ బాగానే చూశాయి. మగ్గం దగ్గర కొత్తగా చేరిన పిల్లకి నేర్పినట్టు, ఆవిడ పెదవులు నిదానంగా తెరుచుకున్నాయి, మూసుకున్నాయి, గుండ్రంగా సాగాయి. చప్పుడు లేదు. మళ్ళీ ఒకసారి చెప్పింది.

"'బాగున్నావా, ఆమోస్ కెర్షా' అన్నారు" అన్నాను.